పడుగు మీద చెయ్యి వేసిన పొద్దు

మొన్న కంటి దవాఖానలో నా వయసుదే ఒకావిడ పక్కన కూర్చుని, చాలాసేపు నన్ను ఎగాదిగా చూసి, "సినిమాలల్ల కోడండ్లను గోస పెట్టే అత్తవు నువ్వే గదా అక్కా" అని అడిగింది. అవునమ్మా అంటే నవ్వి నా చెయ్యి పట్టుకుని, డాక్టరు పిలిచేదాకా వదల్లేదు. చెలికత్తెగా మొదలుపెట్టి, హీరోయిన్‌గా, వదినగా, ఆఖరికి గయ్యాళి అత్తగా జనం చేత తిట్టించుకుంటూ బతికినదాన్ని; అన్నం పెట్టినవి ఆ తిట్లే కనుక వాటికీ ఒక దండం. కానీ ఆవిడ అరచెయ్యి మావాళ్ల చేతుల్లాగే కాయలు కాచి ఉండటం వల్లనేమో, ఇంటికి వచ్చాక మోత్కూరులో మా వీధి, నేను నిర్మాతగా తీసిన మొదటి సినిమా గుర్తుకొచ్చి మనసు నిలవలేదు.

మాది మగ్గం ఇల్లు. అమ్మ చిన్నప్పుడే పోతే, మేము అవ్వ అని పిలుచుకునే నాయనమ్మ నన్ను పెంచింది. మేనమామ వెంట మద్రాసు పోయి ముఖానికి రంగు వేసుకున్నానని తెలిసిన నాటి నుంచి మా బాపు, అంటే నాన్న, నాతో మాట మానేశాడు. నేను ఊరికి వస్తే అవ్వ చిన్నమ్మ ఇంటికి వచ్చి నన్ను చూసి ఏడ్చి పోయేది గాని, బాపు గడప తొక్కే ధైర్యం నాకు లేకపోయింది. పంతొమ్మిదివందల అరవైల్లో, చేతినిండా వేషాలున్న రోజుల్లో, సొంతంగా సినిమా తీయాలని దిగి, నేతపని వాళ్ల కథ ఎంచుకుని, మద్రాసులో సెట్టు వేద్దామని డైరెక్టరుగారు ఎంత మొత్తుకున్నా వినకుండా మా వీధిలోనే షూటింగు పెట్టించాను. బాపు ఒక్కసారి పలకరిస్తే చాలన్నదే నా అసలు ఆశ, చెబితే నవ్వుతారని ఎవరికీ చెప్పలేదు.

షూటింగు మొదటిరోజు పొద్దున బాపు వీధి పొడవునా పడుగు సాచాడు. మగ్గానికి ఎక్కించే నిలువు పోగులన్నిటినీ అలా బారుగా లాగి కట్టి, గంజి పట్టించి, ఆరేదాకా కుంచెలతో దువ్వుతూనే ఉండాలి, మధ్యలో ఆపితే పోగులు అతుక్కుని పడుగంతా పాడవుతుంది. ఒక్క ఇంటివాళ్ల వల్ల అయ్యే పని కాదు కనుక వీధివాళ్లంతా చెయ్యి వేసేవారు. దానికి కూలి లేదు, ఆ ఇంట్లో అన్నం తిని పోవడమే మా ఆచారం. గంజి పట్టించడం అయిందో లేదో, మా హీరోగారి కారు వచ్చింది. దేవుడి ఊరేగింపు వచ్చినా తడి పడుగును వదలనివాళ్లు, పాపం, ఆయన కోసం కుంచెలు పడేసి పరుగెత్తారు. బాపు ఒక్కడే మిగిలాడు, ఎండేమో ఎక్కుతోంది.

నేను రంగు పూసుకుని మొదటి షాటుకు సిద్ధంగా ఉన్నాను. కదిలితే కెమెరాకు కావలసిన ఆ లేత ఎండ పోతుంది, హీరోగారికి ఆ ఒక్క పూటే తీరిక. కదలకపోతే నా షూటింగు వల్లే బాపు కష్టం మట్టిపాలైందన్న మాట మిగిలిపోతుంది, ఇక ఆయన నా ముఖం ఎన్నటికీ చూడడు. కొంగు దోపుకుని వెళ్లి అవతలి కొసన కుంచె అందుకున్నాను. బాపు తల ఎత్తి చూసి, మళ్లీ పోగుల మీదికి వంగాడు. ఎదురెదురుగా దువ్వుతూ నడుస్తుంటే నా చేతి దూకుడు చూసి, "జర మెల్లగ, పోగు తెగుతది" అన్నాడు. అన్నేళ్ల తర్వాత నాతో ఆయన అన్న మొదటి మాట అది, రంగు చెదురుతుందని కూడా చూసుకోకుండా ఏడ్చాను. కాసేపటికి వీధివాళ్లు నాలుక కరచుకుని తిరిగొచ్చారు. డైరెక్టరుగారు గడియారం చూసుకుంటుంటే, జనం వెనకే వచ్చిన హీరోగారు రేపు కూడా ఉంటాను కానివ్వండని గోడ నీడన కూర్చున్నారు. ఆ మంచితనాన్ని నేను బతికున్నంతకాలం తలచుకుంటాను.

పడుగు ఆరాక అందరూ కాళ్లు కడుక్కుని మా ఇంట్లోకి పోతుంటే నేను బయటే ఆగిపోయాను. బాపు నా వైపు చూడకుండానే అవ్వతో, "చెయ్యేసినోళ్లు తినకుంట పోవద్దు, లోపటికి రమ్మను" అన్నాడు. జొన్నగటక, పచ్చిపులుసు పెట్టింది అవ్వ.

ఆ సినిమా ఓ మోస్తరుగా ఆడింది. తర్వాత ఇంకొన్ని తీశాను, కొన్ని నిలబెట్టాయి, కొన్ని ముంచాయి. ఇప్పుడు మా వీధికి గంజి పట్టిన పడుగులు తయారుగానే వస్తున్నాయట, నడుము విరిగే ఆ చాకిరీ తప్పినందుకు నాకు సంతోషమే. కానీ మాట్లాడాలని మనసులో ఉండి, మొదలుపెట్టడం చేతగాని మా బాపులాంటి మనిషికి, బిడ్డను లోపలికి పిలవడానికి ఇవాళ ఏ వంక దొరుకుతుందోనని ఒక్కోసారి దిగులేస్తుంది.