సమ్మెనాటి ఆల్చిప్పల వేపుడు

మొన్న చౌరస్తా దగ్గర వాన పట్టుకుంటే రొట్టెల దుకాణం చూరు కింద నిలబడ్డాను. లోపల బ్రెడ్డు పొడిని పొట్లాలు కట్టి అమ్ముతున్నారు. ఆ పొడి కోసం ఒకప్పుడు నేను పడ్డ అవస్థ తలుచుకుంటే నవ్వు రావాలి గాని, ఎందుకో మనసు నిలకడ తప్పింది. వాన తగ్గకముందే తడుస్తూ ఇంటికొచ్చేశాను.

రాష్ట్రం కోసం బొగ్గు గనులన్నీ ఆగిపోయిన ఆ సమ్మె రోజులు మీలో క్వార్టర్లలో కాపురం చేసినవాళ్లకు గుర్తుండే ఉంటాయి. మా ఆయన గని దిగి బొగ్గు తీసే మనిషి, ఖాళీగా కూర్చోవడం ఎరగరు. డ్యూటీ లేకపోయినా మొదటి షిఫ్టు వేళకు లేచి కూర్చునేవారు, నూనె పోసిన తలుపు బందులకే మళ్లీ నూనె పోసేవారు, వాకిట గేటు దాకా పోయి వచ్చేవారు, మళ్లీ పోయేవారు. ఆయన్ను చూసి చూసి నాకూ ఒకచోట కాలు నిలిచేది కాదు. ఒకనాడు వరద తీసిన గోదావరి ఒడ్డుకు పోయి, బురదలో దేవులాడి, సంచెడు ఆల్చిప్పలు తెచ్చి వంటింట్లో కుమ్మరించారు.

మా ఇంట్లో ఎవరూ వాటిని వండి ఎరగరు. మా అక్క మాత్రం సముద్రం ఒడ్డు ఊళ్లో మిషన్ దవాఖానలో నర్సుగా చేసి, అక్కడి డాక్టరమ్మ వంటింట్లో నేర్చిన వేపుడు సంగతి క్రిస్మస్‌కు వచ్చినప్పుడల్లా చెప్పేది. ఆ మాటలే పట్టుకుని, ఇసుక కక్కేటట్టు ఆల్చిప్పలను ఉప్పునీళ్లలో నానేసి, నోరు తెరిచేదాకా ఉడికించి, తెరవనివాటిని పారేసి, మాంసం కడిగి ఉప్పూ కారం పసుపూ అల్లం వెల్లుల్లి పట్టించాను. ముసురుకు ఎండ లేదు గనుక బ్రెడ్డు ముక్కలను బొగ్గుల పొయ్యి పక్కన ఆరబెట్టి, రోట్లో దంచి, గుడ్డు సొనలో ముంచిన ఒక్కో ముక్కకూ ఆ పొడి అద్ది, పెనం మీద కొద్ది నూనెలో ఎర్రగా వేయించాను. పైన కరకరలాడింది, లోపల కొంచెం సాగింది.

అప్పుడే మా మరిది వచ్చాడు. అదే గనిలో కాంట్రాక్టు పని, పర్మినెంటు కాదు. ఇంట్లో భార్య నిండు చూలాలు. పీట మీద కూర్చుని రెండు ముక్కలు తిని, తల ఎత్తకుండానే చెప్పాడు.

"అన్నా, రేపటి సంది పనికి పోత. రాకుంటె పేరు తీసేస్తనంటున్నడు కాంట్రాక్టరు."

పెనం మీద ముక్కలు మాడుతుంటే దించి పక్కన పెట్టాను. మా ఆయన లేచి గేటు దాకా పోయి వచ్చారు.

"నిన్ను వద్దనను తమ్మీ. గాని పొద్దుగాల గని తొవ్వల నేను కూసుంట. నన్ను దాటుకుంట పోవాలె నువ్వు."

మరిది చెయ్యి కడుక్కుని వెళ్లిపోయాడు.

తెల్లవారుతూనే ఆయన వెళ్లారు. ఇంట్లో ఉండబట్టక, మిగిలిన వేపుడు డబ్బాలో పెట్టుకుని నేనూ పోయాను. అన్నదమ్ములిద్దరూ అందరి ముందూ కలబడతారేమోనని నా భయం. మరిది గని టోపీ పెట్టుకుని వచ్చాడు. ఆయనతోపాటు దారికి అడ్డంగా కూర్చున్న సమ్మెవాళ్లంతా అతనివైపు తిరిగారు. మా ఆయన లేవలేదు, పిలవలేదు, తల కూడా తిప్పలేదు. మరిది చాలాసేపు అలాగే నిలబడి, చివరికి టోపీ తీసి అన్న పక్కన తడినేల మీద కూర్చున్నాడు. నేను డబ్బా మూత తీశాను. వేపుడు మెత్తబడిపోయింది. ఇద్దరూ ఒకే డబ్బాలోంచి తిన్నారు.

సమ్మె ముగిసి అందరూ డ్యూటీలకు పోయారు. మరిది పేరు మాత్రం మళ్లీ ఎక్కలేదు. బసంత్‌నగర్‌లో సిమెంటు లారీల మీద హమాలీ పని పట్టాడు. ఆడపిల్ల పుట్టింది. ఏనాడూ అన్నను ఒక్క మాట అనలేదు. అనకపోవడమే మా ఆయనను కుదురుగా ఉండనియ్యలేదు. రాష్ట్రం వచ్చిన రోజు కాలనీ అంతా పటాకులు కాలుస్తుంటే, ఆయన సైకిలు తీసి బసంత్‌నగర్ పోయి తమ్ముణ్ణి వెంటబెట్టుకుని వచ్చారు.

ఇప్పుడు ఆయన రిటైరయ్యారు. ఆ కాలనీలో సగం ఇళ్లకు తాళాలు. నేల కింది గనులు ఒక్కొక్కటే మూతపడుతున్నాయి. కొత్త పిల్లలు బండ్ల మీద ఎవరికి వారే డ్యూటీకి పోతున్నారు, ఒకరి దారికి ఒకరు అడ్డం కూర్చోవలసిన అవసరం వాళ్లకు లేదు. లేనందుకు సంతోషించాలని నాకు నేనే చెప్పుకుంటాను. కాని అడ్డం కూర్చునేటంత చనువూ, పక్కన వచ్చి కూర్చునేటంత ప్రేమా ఆ అవసరంతోపాటే పోయాయేమోనని తోచిన పూట, ఇంట్లో ఒకచోట కూర్చోలేను.