చాలు అన్నదా, చాలూ అన్నదా

నాన్న కరీంనగర్ వైపు నుంచి బొగ్గు పనికి మహారాష్ట్రలోని ఘుగ్గుస్ వచ్చాడు. నేనూ చెల్లెలూ అక్కడి కాలనీలోనే పుట్టి మరాఠీ బడిలో చదివాం. ఇంట్లో మాట తెలుగు, చేతిలో రాత మరాఠీ. ఫోన్లు వచ్చాక ఆ రెండూ కలిశాయి. తెలుగు మాటను మరాఠీ అక్షరాల్లో రాసి పంపుకొనేవాళ్లం. ఊరి నుంచి వచ్చిన చుట్టాలు చూసి నవ్వేవారు. నవ్వితే నవ్వనీ, మా పని మాకు అయ్యేది.

ఆ రోజుల్లో మా కాలనీలో ఎవరి ఫోన్ తెరిచినా ఒకటే యాప్. నెట్ లేకపోతే అందులో రాసింది మామూలు ఎస్సెమ్మెస్‌లా మారి పోయేది. గనుల పక్కన ఉండేవాళ్లకు అదే పెద్ద వరం, మా టవర్లు ఎప్పుడు లేస్తాయో ఎప్పుడు పడుకుంటాయో ఆ దేవుడికే ఎరుక. పైగా రకరకాల బొమ్మలు. చెల్లెలు పెళ్లై రాజురా దగ్గర సాస్తికి పోయాక, పొద్దున్నే గరిటె ఎత్తిన అత్త బొమ్మను పంపేది. లేచావా అని దానర్థం. అమ్మకు చదువు రాదు కాబట్టి అన్నిటికీ బొమ్మలే పెట్టేది. ఒకసారి పక్కింటి ముసలాయన పోయాడని తెలిసి, చప్పట్లు కొట్టే చేతుల్ని దండం అనుకొని కాలనీ గ్రూపులో పెట్టింది. ఆ ఇంటివాళ్లు నెల రోజులు మాతో మాట్లాడలేదు.

తర్వాత ఇంకో యాప్ వచ్చింది. కొత్త ఒక వింత, పాత ఒక రోత. కాలనీ గ్రూపు మొత్తం అక్కడికి మూట కట్టుకొని పోయింది. మేమూ పోయాం గానీ, అమ్మకు అలవాటైన బొమ్మలు కొత్తదాంట్లో లేవు. అందుకని అమ్మా చెల్లెలూ నేనూ పాతదాన్నీ వదల్లేదు. ఊరంతా ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి అని మా ఆయన దెప్పేవాడు.

నాన్న పోయిన కొన్నేళ్లకు, ఒక వానాకాలంలో, అమ్మ ఊపిరితిత్తులు చెడిపోయాయి. చంద్రపూర్‌లో ఆసుపత్రిలో చేర్చాను. ఊపిరి మెషీన్ పెట్టారు. అప్పుడే వార్ధా నది పొంగి రాజురా వంతెన మునిగింది. చెల్లెలు ఆ ఒడ్డున, అమ్మా నేనూ ఈ ఒడ్డున. ఫోన్ చేస్తే కలవడం లేదు. పాత యాప్‌లో మాత్రం ఏ పూటకో ఒక మాట అటూ ఇటూ పోతోంది.

ఒక మధ్యాహ్నం డాక్టర్ పిలిచి మరాఠీలో నెమ్మదిగా చెప్పాడు. ఆశ లేదు, మెషీన్ ఉంచితే కొన్నాళ్లు ఇలాగే ఉంటుంది, వద్దంటే తీసేస్తాం, ఇంటివాళ్లు మాట్లాడుకొని చెప్పండి అన్నాడు. ఇంటివాళ్లంటే నేనూ చెల్లెలే. ఆసుపత్రి మెట్ల మీద కూర్చొని రాశాను. "ఆశ లేదంటుండు. మిషన్ ఉంచాల్నా, తీసెయ్యాల్నా అని అడుగుతుండు. ఏం చెప్పాలె?"

చాలాసేపటికి, ఎప్పటిలాగే మరాఠీ అక్షరాల్లో, ఒక్క మాట వచ్చింది. నేను దాన్ని చాలు అని చదివాను.

సరేనా అని మళ్లీ అడిగాను. ఆ మెసేజ్ పోలేదు. లోపలికి వెళ్లి డాక్టర్‌తో తీసేయమన్నాను. పొద్దు గూకకముందే అమ్మ పోయింది. చెయ్యి పట్టుకొని పక్కనే ఉన్నాను. చెల్లెలు కూడా ఒప్పుకుందన్న ఒక్క ధైర్యంతో ఉన్నాను.

నీళ్లు తగ్గి చెల్లెలు వచ్చేసరికి దహనం కూడా అయిపోయింది. గుమ్మంలోనే నిలబడి అడిగింది.

"మిషన్ ఎవ్వలు తీయమన్నరు?"

"నువ్వే గదనే, చాలు అన్నవు."

"చాలూ అన్న! చాలూ ఉంచుమన్న! ఫ్యాన్ చాలూ చెయ్, టీవీ చాలూ చెయ్ అంటలేమా మనం?"

అంటాం. మరాఠీలో చాలూ అంటే నడుస్తున్నట్టు. చంద్రపూర్ తెలుగులో ఆ మాట ఎప్పుడో కలిసిపోయింది. నది ఇవతల ఉన్న నాకేమో అమ్మ పడే గోస కళ్లముందు ఉంది, అందుకే నాకు తెలుగు మాట కనిపించింది. చెల్లెలు ఫోన్ నా మొహం మీదికి చాచి, "సూడు, ఆఖర్ల దీర్ఘం ఉన్నది" అంది. ఉంది. కానీ మాట చివర ఉకారం వస్తే దీర్ఘమే రాయాలని మరాఠీ పంతులమ్మ మా ఇద్దరినీ వేళ్ల మీద కొట్టి నేర్పింది. ఆ చేత్తో తెలుగు చాలు రాసినా దీర్ఘమే పడుతుంది. ఆ దీర్ఘం ఏ సాక్ష్యమూ చెప్పదు. ఇదంతా చెప్పబోతే వినలేదు.

"అమ్మను సాకుడు నీకు బరువైంది. గంతే" అని వెళ్లిపోయింది. ఫోన్‌లో, కొత్త యాప్‌లో, అన్నిట్లో నన్ను బ్లాక్ చేసింది. పాత యాప్ మాత్రం తెరిచే ఉంది. మరిచిపోయిందో, కావాలనే ఉంచిందో తెలియదు. ఏళ్లు గడిచాయి. నేను పట్టుబట్టి తెలుగు అక్షరాలు నేర్చుకున్నాను. చాలు అన్న మాటను దీర్ఘం లేకుండా రాయగలిగిన రోజున చాలా ఏడ్చాను. నాకు కావలసింది ఒక్కటే, చెల్లెలు ఆ రోజు ఏమనుకొని రాసిందో తెలియాలి. చాలు అని రాసి మాట మార్చిందా, లేక కన్నతల్లి ప్రాణం దగ్గర నేనే తప్పు చదివానా?

ఈమధ్య ఆ యాప్ మూసేస్తున్నామని కంపెనీ నుంచి కబురొచ్చింది. ఇక అక్షరాల్ని నమ్మదలచుకోలేదు. మైకు బొమ్మ నొక్కి మాట్లాడాను. "చెల్లే, ఇది బంద్ అయితదట. ఇది పోతే నీకు నాకు మాటే లేదు. తిడితే తిట్టు గని ఒక్కటి చెప్పు. ఆనాడు ఏమనుకొని రాసినవు?"

యాప్ పోయే ముందు రోజు జవాబు వచ్చింది, దాని గొంతులోనే.

"నాకే తెల్వదక్కా. పానం ఆగుతలేకుండె. ఏలు ఎట్ల పోతే గట్ల రాసిన. ఏదైనా నువ్వే చెయ్యాలె, పేరు నీ మీదనే ఉండాలె అనుకున్న. నాకు ధైర్యం లేకుండె."

జాలి పడ్డానని చెబితే అబద్ధం. ఒళ్లు మండిపోయింది. ఇన్నేళ్లు నన్ను తల్లిని చంపినదాన్ని చేసి, అది మాత్రం పిల్లాపాపలతో హాయిగా కూర్చుందా? దులిపేయాలనే సాస్తి బస్సెక్కాను. దారంతా బొగ్గు లారీల వెనక ఆగుతూ ఆగుతూ, ఏయే మాటలు అనాలో కూడబలుక్కుంటూ పోయాను.

చెల్లెలు వంటింట్లో ఉంది. చెప్పులు కూడా విడవకుండా, గడపలోనే నిలబడి నోటికొచ్చినట్టు తిట్టాను. స్టవ్ ఆపి, గోడకు ఆనుకొని అన్నీ విన్నది. నాకు ఊపిరి అందక ఆగినప్పుడు అడిగింది.

"నేను ఏం రాయకపోయుంటే, డాక్టర్‌కు ఏం చెప్తుంటివక్కా?"

ఉంచమనేదాన్నని నోటిదాకా వచ్చింది. దాని మొహం చూస్తూ ఆ అబద్ధం ఆడలేకపోయాను.

"తీసెయ్యమనే అంటుంటి" అన్నాను.

అది గోడ వెంట జారి నేల మీద కూర్చుంది. తర్వాత, "నేనైనా గదే అంటుంటి కావచ్చు" అంది.

అంటే ఆ మాట రాకపోయినా జరిగేది అదే. నిజం తెలిస్తే గుండె తేలికవుతుందని ఇన్నేళ్లు అనుకున్నాను, కాలేదు. పక్క గదిలోంచి దాని కూతురు ఏమైందని మరాఠీలో అడిగింది. ఏమీ లేదు చదువుకో అని మరాఠీలోనే చెప్పి, చెల్లెలు కొంగు నోట్లో కుక్కుకుంది. నేను చెప్పులు విడిచి, లోపలికి వెళ్లి దాని పక్కన నేల మీద కూర్చున్నాను.