నీరెండ దేశం మా పెద్దమ్మది

పోయిన ఆదివారం ఉదయం మా పెద్దమ్మ కన్నుమూసింది. మా అమ్మకు అక్క. చర్చికి బయలుదేరుతూ తల దువ్వుకుంటోందట, జడ సగంలో ఉండగానే ఒరిగిపోయిందని ఆమె కొడుకు, మా అన్నయ్య, ఫోన్లో చెప్పాడు.

"ఆఖర్న ఏమన్నా అందా అన్నయ్యా?"

"దువ్వెనకి పళ్ళన్నీ ఊడిపోయినయ్, కొత్తది తేరా అంది."

ఏడుస్తూనే ఇద్దరం నవ్వాం.

చిలకలూరిపేట దగ్గర మా ఊళ్ళో ఆమె కూలి మనిషి. పత్తి తీసింది, మిరపకాయలు కోసింది. బడి మొహం చూడలేదు. కానీ ఆమెకు సొంతంగా ఒక దేశం ఉండేది. దాని పేరు నీరెండ దేశం. అక్కడ ఎండ ఎప్పుడూ చురుక్కుమనదు. ఆ దేశం నడిబొడ్డున నల్లరాతి ఆడమనిషి బొమ్మ ఉంటుంది. చెక్కిన వాళ్ళెవరో తెలియదు. పనిచేసి అలిసిపోయిన వాళ్ళెవరైనా దగ్గర్లో కూలబడితే, కళ్ళు తెరిచేసరికి బొమ్మ జరిగి ఉంటుంది, దాని నీడ వాళ్ళ మీద పడుతుంటుంది. అది నడవగా చూసినవాళ్ళు మాత్రం లేరు.

ఈ కథలన్నీ చేలోనే చెప్పేది. చేతులు ఖాళీగా ఉంటే తనకు మాట రాదనేది. గొంతు పెంచేది కాదు. సాళ్ళలో వెనకబడ్డ వాళ్ళకు కథ వినపడదు కాబట్టి ముఠా అంతా ఆమె పక్కపక్కనే కోసుకుంటూ పోయేది. చేను గలాయన ఒకసారి ఆశ్చర్యపోయి, "వీళ్ళ చేతులకేం మంత్రం వేశావమ్మా?" అని అడిగాడు.

"చేతులకి కాదండీ, చెవులకి," అంది.

నేను ఎనిమిదో తరగతిలో ఉన్నప్పుడు పరీక్షలో నచ్చిన శిల్పం గురించి రాయమన్నారు. నేను చూసిన శిల్పం ఒక్కటీ లేదు. అందుకని పెద్దమ్మ బొమ్మ గురించి రాశాను. దాన్ని కోటకు లాగించుకోవాలని రాజు దానికి ఏనుగుల్ని కట్టించిన దాకా రాసి ఆపాను. అంతకుమించి నాకు తెలియదు, పెద్దమ్మ అంతవరకే చెప్పింది.

తెలుగు మాస్టారు పేపరు పట్టుకుని నన్ను నిలబెట్టారు. "ఏ పుస్తకంలోంచి ఎత్తావు?"

"మా పెద్దమ్మ చెప్పింది సార్."

"ఎవరు, ఆ మిరపకోతల ఆమేనా? అబద్ధాలు కూడానా! రేపు ఆమెను తీసుకురా. లేకపోతే నీ పేపరుకు సున్నా."

మర్నాడు పెద్దమ్మ చేలోంచి నేరుగా వచ్చింది. చీర నిండా దుమ్ము. కారానికి మండుతున్న చేతులు ఒంటికి తగలకుండా ఎడంగా పట్టుకుంది. క్లాసంతా చూస్తుంటే నేను తల దించుకున్నాను. ఆ మాట దాచను.

"ఏ పుస్తకమమ్మా ఇది?" అన్నారు మాస్టారు.

"పుస్తకమా? నాకు వేలిముద్రేనండీ. ఇది నేను అల్లిందే."

"సరే. రాజు ఏనుగులు కట్టించాడు. తర్వాత?"

తడబడుతుందనుకున్నారేమో. పెద్దమ్మ ఒక్క క్షణం కిటికీలోంచి బయటికి చూసింది.

"పొద్దు నడినెత్తికొచ్చేదాకా లాగినయ్యండీ. మోకులు తెగినయ్, బొమ్మ కదల్లా. అరిచి అరిచి రాజు కూడా అలిసిపోయాడు. అందరిమల్లే నేల మీద కూలబడి కళ్ళు మూసుకున్నాడు. తెరిచేసరికి నీడ ఆయన మీదుంది. అప్పుడు మొహం తుడుచుకుంటే చెయ్యి తడిసింది. తనకీ చెమట పడుద్దని అప్పుడు తెలిసిందండీ ఆయనకి. లేచి, ఏనుగుల్ని తన చేత్తోనే విప్పాడు."

అన్నం గంట కొట్టారు. ఒక్కరూ లేవలేదు. మాస్టారు తన కుర్చీ ముందుకు జరిపారు.

"కూర్చోండమ్మా."

"వద్దండీ, కారం అంటుద్ది."

"అంటనివ్వండి."

ఆమె కూర్చునేదాకా కుర్చీ పట్టుకునే నిలబడ్డారు. "అది నడవడం నిజంగా ఎవరూ చూడలేదా?" అని చిన్నపిల్లాడిలా అడిగారు.

"ఎట్టా చూస్తారండీ? అలిసినోళ్ళు కళ్ళు మూసుకుంటారు గదా!"

అప్పుడు తలెత్తాను. ఆ రోజు నుంచి ఎవరి పిల్లవని ఎవరడిగినా ముందు పెద్దమ్మ పేరే చెప్పేదాన్ని.

పెద్దయ్యాక ఆ కథలన్నీ రాసి, ఆమె పేరు మీదే పుస్తకంగా వేయించాను. అచ్చుకు ఇచ్చే ముందు చదివి వినిపిస్తుంటే ఒకచోట ఆపింది.

"బొమ్మ ఏడ్చిందని నేను చెప్పలా. రాసేటప్పుడు నీకు ఏడుపొచ్చుంటది. కొట్టెయ్."

కొట్టేశాను. ఇప్పటికీ ఏది రాసినా ఆ మాట చెవిలో వినపడుతుంది. రాయడం నాకు నేర్పింది, సంతకం రాని మా పెద్దమ్మే.

కిందటి చలికాలం ఆమెను అమరావతి తీసుకెళ్ళాను, పాత శిల్పాలు చూపిద్దామని. అక్కడి మ్యూజియంలో ఒక రాతి పలక మీద చెయ్యి పైకెత్తి నిలబడ్డ ఆడమనిషి ఉంది. పెద్దమ్మ దాని ముందు ఆగిపోయింది. నేను మిగతావన్నీ చూసి వెనక్కి వచ్చేసరికి, సంచీ కింద పెట్టి, అచ్చం ఆ బొమ్మలాగే తన కుడిచెయ్యి పైకెత్తి నిలబడి ఉంది. వచ్చేపోయేవాళ్ళు వింతగా చూస్తున్నారు.

"ఏం చేస్తున్నావు పెద్దమ్మా?"

"ఉండమ్మాయ్. ఈమెకి చెయ్యి ఎప్పుడు లాగుద్దో చూస్తన్నా."

గాజులు మోచేతి దాకా జారాయి. చెయ్యి సన్నగా వణకడం మొదలైంది. అయినా దించలేదు.