నాయన మెడలో కీచుపెట్టె

మా ముత్తాత గచ్చిబౌలి చుట్టుపక్కల మూడు ఊళ్ళ శిస్తు తినే మక్తేదారు. తాత ఊరి శిస్తు వసూలు చేసే మాలీపటేల్. వాళ్ళు బజారులో నడిస్తే ముందు ఒక మనిషి వెండిపొన్ను కర్ర పట్టుకుని, "తొవ్వ ఇడువుండ్రి, పటేల్ వస్తుండు!" అని కేకేస్తూ పోయేవాడు. మక్తా పోయింది, భూములు పోయాయి. మా నాయనకు దక్కినవి ఆ కర్ర, ఆ నడక. నడుము వంచడం మా ఇంట్లో ఎవరికీ రాదు. నాకూ రాదు.

పంతొమ్మిది వందల డెబ్బైల మొదట్లో నాయనకు రెండు కళ్ళూ పోయాయి. చెయ్యి పట్టుకుంటామంటే ఒప్పుకోడు. కర్ర ఇస్తే, "కట్టె పట్టుకొని నడిచేది నౌకరు. నేను పట్టుకుంటనా?" అన్నాడు. దాంతో రెండేళ్ళు గడప దాటలేదు. చావడిలో ఆయన కూర్చునే అరుగు మీద కుక్కలు పడుకునేవి. మళ్ళీ ఒక్కడే నడిచి అక్కడికి చేరాలన్నది ఆయన పంతం.

మా వెనక గదుల్లో కిరాయికి ఉండే కోస్తా ఇంజనీరు రేడియోల ఫ్యాక్టరీలో పనిచేసేవాడు. ఆ పంతం విని ఒక పెట్టె తయారుచేశాడు. మెడలో వేసుకోవాలి. ఎదురుగా ఏదైనా ఉంటే కీచుమంటుంది, దగ్గరైన కొద్దీ ఇంకా అరుస్తుంది. చూడటానికి ఎద్దు మెడలో గంటలా ఉంది. ఆ మాట నేను పైకి అనలేదు.

నాయన బయల్దేరాడు. పెట్టె కీచుమంది. మేకల కాపరి నవ్వుతూ మేకల్ని పక్కకు తోలాడు. మళ్ళీ కీచుమంది. ఇద్దరు ఆడవాళ్ళు బిందెలతో తప్పుకున్నారు. నాయన ఛాతీ విరిచి వేగం పెంచాడు.

"ఆగండి పటేల్ గారూ! అది మిమ్మల్నే ఆగమంటోందండీ!" ఇంజనీరు వెనకే పరుగెత్తాడు.

"నన్నా? తొవ్వ ఇడువుమని వాళ్ళకు చెప్తున్నది."

దారికి అడ్డంగా నిలబడ్డ బర్రె మాత్రం కదల్లేదు. నాయన దాని పొట్టకు కొట్టుకుని పేడలో కూలబడ్డాడు.

"పటేలా," అంది బర్రె గల ముసలమ్మ, "మేమంటే మర్యాదకు జరిగినం. దీనికేమెరుక మీ తాతల ముచ్చట?"

ఊరంతా నవ్వింది. నేను నవ్వలేదని చెప్పను. నాయన లేచి పంచె దులుపుకున్నాడు. పెట్టె అరుస్తూనే ఉంది. చాలాసేపు విన్నాడు.

"ఎటు తిరిగితే ఊకుంటది ఇది?" అని ఇంజనీరును అడిగాడు. మా వంశంలో ఒకరు దారి అడగడం అదే మొదలు.

"కొంచెం కుడికండీ."

తిరిగాడు. ఆగుతూ, తిరుగుతూ, పేడ పంచెతోనే చావడి చేరాడు. అరుగు దగ్గర పెట్టె అరిస్తే ఆగి, "కుక్కనా?" అని అడిగి, అది లేచేదాకా నిలబడ్డాడు.

ఆ పెట్టె బ్యాటరీలను తెగ తినేది. రెండో ఏడాది వాటి కోసం వెండిపొన్ను కర్ర అమ్మేశాం.