ఎడ్లకు నీళ్లెవరు పెట్టాలె

మా ఊరి బస్టాండు పక్కన ఈ మధ్య ఒక నల్లరాయి పాతారు. దొర మీద తిరగబడిన జీతగాళ్ల స్మారకమట. దాని మీద పన్నెండు పేర్లు చెక్కించారు. అందులో నా పేరుంది, నేనింకా బతికే ఉన్నాను. మా బాపు పేరు లేదు, ఆయన పోయి చాలా ఏళ్లయింది. అడుగున, ఆ పన్నెండు పేర్లకంటే పెద్ద అక్షరాలతో దాత పేరుంది. దాత మరెవరో కాదు, ఆ దొర మనుమడే.

ఎవరి మీద తిరగబడ్డారో వాళ్ల ఇంటి చందాతోనే రాయి పాతుకోవడం మా ఊరివాళ్లకే చెల్లింది. పోనీ, దాని మీద నాకు కోపం లేదు. నా కోపమంతా బాపు పేరు లేదనే. ఈ నాలుగు పుటలూ ఆ కోపంతోనే రాస్తున్నాను.

ముందు ఒక సంగతి ఒప్పుకోవాలి. మా తిరుగుబాటు జరగనే లేదు. రాతి మీద 'వీరోచితంగా పోరాడిన' అని ఉంది. ఆ రోజు పొద్దుగూకేదాకా మేం వీరోచితంగా దొర పొలమే దున్నాం.

అప్పటికి నాకు ఇరవై దాటాయి. దొర ఉండే గడీలో మొత్తం పన్నెండుమంది జీతగాళ్లం, బాపూ నేనూ అందులో ఇద్దరం. మిగతా ఇళ్లలో తాత పొలం మనుమడికి వచ్చినట్టు, మా ఇంట్లో తాత జీతం బాపుకూ, బాపు నుంచి నాకూ వచ్చింది. జీతమంటే పేరుకే, తీరని అప్పు కింద ఏడాదంతా చాకిరీ. కొట్టంలో ఎడ్లన్నీ బాపు చేతి కింద ఉండేవి. మేత, నీళ్లు, కుడితి, కాలికి ముల్లు గుచ్చుకుంటే తీయడం, అన్నీ ఆయనే. గడీ మనుషుల్లో ఒక్కరూ ఏనాడూ బావిలో బొక్కెన వేసి ఎరుగరు.

మాలో ఒకడు బొంబాయి పోయి రెండేళ్లు బట్టల మిల్లులో పనిచేసి వచ్చాడు. పని ఆపితే సేటు దిగివస్తాడని కళ్లారా చూసి వచ్చినవాడు. ఉపాయం అతనిదే. మిరుగు కార్తెలో మొదటి వాన పడిన మర్నాడు ఎవ్వరం గడీకి పోవద్దు. పన్నెండుమందిమీ తహసీలు కచేరీకి నడిచి పోయి, ఈ జీతం మాకొద్దని చెప్పాలి. నాగళ్లు కట్టే రోజున పనివాళ్లు రాకుంటే దొరే మేడి పట్టాలి కదా. దొర మేడి పట్టుకుని నడుస్తుంటే ఎట్లా ఉంటుందో తలుచుకుని మేం చాటుమాటుగా చాలా రోజులు నవ్వుకున్నాం.

నవ్వుకోవడానికి వ్యవధి కూడా దొరికింది, వాన రాలేదు. పదిహేను రోజులు మొగులు చూస్తూ, నోళ్లు కట్టుకుని తిరిగాం. అందరికంటే గట్టిగా కట్టుకున్నది బాపు. నన్ను కన్న అవ్వకు కూడా చెప్పలేదు. "మీ బాపుకు ఏమైందిరా, ఉలుకు లేదు పలుకు లేదు" అని అవ్వ నన్ను అడిగేది. నేనూ చెప్పలేదు.

పదహారో రోజు మధ్యాహ్నం వాన దంచి కొట్టింది. మర్నాడు తెల్లవారేసరికి పన్నెండు ఇళ్ల ముందూ దొర మనుషులు కట్టెలు పట్టుకుని నిలబడ్డారు. బొంబాయి పోయి వచ్చినవాణ్ని చింతబరికెతో కొట్టి ఊరు దాటించారు. మిగిలినవాళ్లం నాగళ్లు కట్టాం. వెళ్లగొట్టినవాడు శ్రీరాంపూర్ పోయి బొగ్గుబాయిలో కుదిరాడు, పింఛను తిని పోయాడు. పన్నెండుమందిలో ఆ ఏడు జీతం తప్పించుకున్నది, తన్నులు తిన్న అతనొక్కడే.

దొరకు ఎవరు చెప్పారన్నది వారం దాకా తెలియలేదు. తరవాత ఊరంతా విన్నది. గడీ ముందు నుంచి ఎవరు పోయినా చెప్పులు విడిచి చేతిలో పట్టుకుని పోవాలి, అది మా ఊరి కట్టు. దొర బాపును పిలిపించి, ఇకనుంచి నువ్వు చెప్పులతోనే నడువు అని హుకుం ఇచ్చాడు. బాపుకు పుట్టి బుద్ధెరిగి చెప్పులే లేవు. దాంతో ఒక జత దొరే కుట్టించి ఇచ్చాడు. కిర్రు చెప్పులు. బాపు గడీ ముందు నుంచి నడిస్తే ఆ కిర్రు మూడు వాడలకు వినపడేది. ఇంక వేరే సాక్ష్యం ఎందుకు? ఇనామిచ్చినట్టే ఇచ్చి, దానితోనే దండోరా వేయించాడు. దొరలకు చదువు లేకున్నా ఇట్లాంటి తెలివి మస్తుగా ఉండేది.

నేను బాపుతో మాట మానేశాను. మరుసటి ఎండాకాలమే కాగజ్‌నగర్ పోయాను. లారీల మీద వెదురు ఎత్తే పని. నేనుండే అర్ర పక్కన పాత కాగితాల దుకాణం ఉండేది. పనిలేని పూట దాని ముందు కూర్చుని పొట్లాల కాగితాలతో మొదలుపెట్టి అక్షరాలు కూడబలుక్కున్నాను. నాకు బడి అదే. అక్కడికి పోయిన ఎనిమిదో ఏట ఒక పుస్తకం దొరికింది. అట్ట లేదు, మొదటి పుటలు లేవు. అమెరికా దేశపు సంగతి.

రెండువందల ఏళ్ల కిందట అక్కడ నల్లవాళ్లను ఎడ్లను కొన్నట్టు కొనేవారట. వాళ్లలో ఒక కమ్మరి, చదువు వచ్చినవాడు, తనవాళ్లను కూడగట్టాడు. కొడవళ్లను సాగగొట్టి కత్తులు చేశారు. ఒక రోజు అనుకుని పట్నం మీదికి పోదామనుకున్నారు. సరిగ్గా ఆ రోజే తుఫాను వచ్చి వాగులు పొంగాయి, తోవలు తెగిపోయాయి. అది చాలదన్నట్టు, వాళ్లలోనే ఇద్దరు పోయి తమ యజమానికి చెప్పేశారు. కమ్మరినీ, అతనితో ఇంకా చాలామందినీ ఉరి తీశారు. చెప్పిన ఇద్దరికీ సర్కారు బానిసతనం నుంచి విడుదల ఇప్పించింది.

మా తిరుగుబాటు వాన కోసం ఆగింది, వాళ్లది వానకే ఆగింది. అక్కడ చెప్పినవాళ్లకు స్వేచ్ఛ దొరికింది, మా బాపుకు కిర్రు చెప్పులు దొరికాయి. అమెరికావాళ్లు అన్నింట్లో మనకంటే ముందే ఉంటారు.

ఆ ఇద్దరూ ఎందుకు చెప్పారన్నది మాత్రం నాకు దొరికిన పుటల్లో లేదు. మళ్లీ మళ్లీ తిరగేశాను. అప్పుడు తట్టింది, ఎనిమిదేళ్లలో నేను కూడా బాపును ఒక్కసారి అడగలేదని.

మర్నాడు బస్సెక్కి ఊరికి పోయాను. బాపు వాకిట్లో కూర్చుని పలుపు పేనుతున్నాడు. కుశలం కూడా అడగకుండా, దొరకు ఎందుకు చెప్పావన్నాను. బాపు తల ఎత్తలేదు.

"చెప్పకుంట ఎట్ల మానుతరా? జ్వరమచ్చినా ముందుగాల పోయి చెప్తిమి గద. రేపు నేను రాను దొరా, ఎవ్వలం రాము, ఎడ్లకు నీళ్లు పెట్టమని ఎవలకన్న చెప్పుండ్రి అన్న. గా మైల రంగు ఎద్దు కుడితి కలపంది మూతి పెట్టదని గూడ చెప్పిన."

"అంతేనా?"

"మరి ఎడ్లకు నీళ్లెవరు పెట్టాలె? మన కొట్లాట దొరతోటి. ఎడ్లు ఏం జేసినయి?"

జీతగాడు ఒక్క పూట రాకపోయినా ముందురోజు గడీకి వచ్చి చెప్పుకోవాలి. తరాల నుంచి అదే నడిచింది. బాపు ఆ అలవాటు కొద్దీ పోయి, దొర మీద తిరగబడటానికి దొర దగ్గరే సెలవు పెట్టి వచ్చాడు. కట్టెలు పట్టుకుని మనుషులు ఎందుకొచ్చారో ఆయనకు చాలా రోజులు అర్థం కాలేదట. దొర నీళ్లు పెట్టే మనిషిని చూసుకుంటాడు అనుకున్నాడట. చెప్పుల సంగతి అడిగితే, ఇచ్చాక తొడగకపోతే దొర ఏమనుకుంటాడు అన్నాడు. నాలుగు రోజులు తొడిగి, ఎదురొచ్చినవాళ్లు మొహం తిప్పుకోవడం చూసి, వాసానికి తగిలించాడు. నేను ఎనిమిదేళ్లు మోసిన కోపం ఎక్కడ దించాలో తెలియక, కూర్చుని ఆయనతోపాటు పలుపు పేనాను.

ఇదంతా మొన్న రాయి పాతిన సంఘం అధ్యక్షుడికి చెప్పాను. మస్కట్ పోయి వచ్చి ట్రాక్టరు కొన్న మనిషి. వాళ్ల తాత గడీలో గుమాస్తా. ఆ గుమాస్తా పేరు రాతి మీద జీతగాళ్ల వరసలోనే ఉంది, అట్లా అయితేనే పన్నెండుకు సరిపోయింది. మీ తాత పేరు ఎట్లా ఎక్కిందని అడిగితే, లోపల నుంచి మద్దతు ఇచ్చాడన్నాడు. ఎవరు చెప్పారంటే, వాళ్ల బాపే చెప్పాడట.

"మా బాపు సంగతి నేను చెప్తున్న గద. అది ఎందుకు పనికిరాదు?"

"దొరకు చెప్పిండని ఊరంత ఎరుకే గద తాతా. ఎడ్ల కోసం చెప్పిండని ఇప్పుడంటె నలుగురు నవ్వుతరు. జర మైకుల గిది మాట్లాడకు."

నా పేరు కొట్టేసి ఆయన పేరు చెక్కించమన్నాను. కుదరదన్నాడు. "పన్నెండుమందిల పానంతోని ఉన్నది నువ్వొక్కనివే. నీ పేరు తీస్తె శాలువ ఎవలికి కప్పాలె?"

ఆవిష్కరణ నాడు పోకూడదు అనుకున్నాను. కానీ వాసానికి ఉన్న చెప్పులు కనపడ్డాయి. మూడు రోజులు నూనె పట్టిస్తే కాలికి ఒదిగాయి. కిర్రు మాత్రం పోలేదు.

రాయి ముందు తివాచీ పరిచి, 'చెప్పులు విడిచి రావలెను' అని అట్ట పెట్టారు. ఊరివాళ్లంతా బుద్ధిగా విడిచి, ఒంగి, పూలు వేస్తున్నారు. దొరల పేరు ముందు చెప్పులు విడవడం మా ఊళ్లో మళ్లీ మొదలైందని వాళ్లకు తోచినట్టు లేదు. నేను కిర్రుమంటూ తివాచీ ఎక్కాను. అధ్యక్షుడు నా చెవిలో, చెప్పులు తాతా, అన్నాడు. నేను పక్కనున్న దాతతోనే చెప్పాను.

"మీ తాత మా బాపుకు హుకుం ఇచ్చిండు బిడ్డా, చెప్పులతోటే నడువుమని. అది ఇంకా రద్దు కాలే."

ఆయనకేమీ తెలియదు, పట్నంలో పెరిగినవాడు. నవ్వి నమస్కారం పెట్టాడు.

అధ్యక్షుడు మైకులో ఒక్కో పేరూ చదివాడు. ప్రతి పేరుకూ జనం పిడికిలెత్తి జోహార్ అన్నారు. గుమాస్తాకు కాస్త గట్టిగానే పడింది. పదకొండు అయ్యాక నా పేరు దగ్గర ఆగాడు. బతికున్న మనిషికి జోహారు చెప్పించడం బాగుండదని తోచిందేమో, రెండు మాటలు మాట్లాడమని మైకు నాకిచ్చాడు. పిడికిళ్లు ఇంకా పైనే ఉన్నాయి.

నేను రెండు మాటలే అన్నాను. మా ఇంటిపేరు, మా బాపు పేరు.

"జోహార్" అన్నది ఊరు.

పదకొండుసార్లు అన్న నోళ్లు పన్నెండోసారీ అన్నాయి. ఎవరికి అన్నారో ఆ తరవాత తెలిసింది. ముసలివాళ్లు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. అధ్యక్షుడు మైకు కోసం చెయ్యి చాపాడు. పిడికిలెత్తి మరీ అన్న దొర మనుమడు నా వైపు ఒంగి, ఆయన ఎవరని మెల్లగా అడిగాడు.

"మీ ఎడ్లకు నీళ్లు పెట్టినాయన" అన్నాను.