భర్త పేరు అన్న గడి

మా ఆయన చచ్చిపోయాడు కాబట్టి నాకు సర్కారు ఉద్యోగం వచ్చింది. కాగితాల్లో దాన్ని కారుణ్య నియామకం అంటారు. ఉద్యోగంలో ఉండగా మనిషి పోతే, ఇంట్లోవాళ్లు వీధిన పడకుండా ఒకరికి పని ఇస్తారు. మంచి రూలే. కాకపోతే మనిషి పోవాలి.

ఆయన టెక్కలిలో ఒక ఆఫీసులో అటెండరు. మాది వజ్రపుకొత్తూరు దగ్గర పల్లె. నేను పలాసలో జీడిపిక్కలు కొట్టే పనికి పోయేదాన్ని. మా వైపు చాలామందికి వచ్చినట్టే ఆయనకూ కిడ్నీల జబ్బు వచ్చింది. ఒకరోజు డయాలసిస్ చేయించుకుని బస్సులో వస్తుంటే, కిటికీలోంచి బయటికి చూస్తూ అన్నాడు.

"ఏటే, ఓసారి నన్ను పేరెట్టి పిలు."

"సిగ్గు నేదేటి? బస్సులో ఇంతమంది ఉన్నారు."

"పోనీ ఇంటికాడ పిలు."

"ఇంటికాడ మీ అప్ప ఉంటాది."

నవ్వాడు. మళ్లీ అడగలేదు. మాలో ఆడది మొగుడి పేరు పలకదు. పెళ్లినాటి నుంచి ఆయన నాకు "ఇదిగో" మాత్రమే. ఎప్పుడైనా పిలవచ్చులే అనుకున్నాను. నెల తిరక్కుండా పోయాడు.

కర్మకాండ అయ్యాక వదిన, అంటే ఆ అప్పే, ఆయన అక్క, నన్ను ఆ ఆఫీసుకు తీసుకెళ్లింది. ఆవిడ అంగన్‌వాడీ టీచరు. గుమస్తా దరఖాస్తు నా ముందు పెట్టి వేలిముద్ర వేయమన్నాడు. వేశాను. నల్ల మచ్చ పడింది గానీ అందులో గీతలు లేవు. వేళ్లు మార్చి చూశాం. అదే మచ్చ. పిక్క కొట్టినప్పుడల్లా చిమ్మే జీడిరసం ఏళ్ల తరబడి నా వేళ్లను తినేసింది.

"ఇది ఏలేనా, గోలీకాయా?" అన్నాడు గుమస్తా. "సంతకం నేర్సుకుని రా. ఏడాది దాటితే మా సేతిలో ఉండదు. మీ ఆయన పేరు సెప్పు, ఈ గడిలో రాత్తాను."

నేను తల వంచుకున్నాను. వదిన చెప్పింది.

"నువ్వు కాదమ్మా, ఆవిడ సెప్పాల. నాకు తెలీకా? పదేళ్లు కలిసి టీ తాగినోణ్ని. రేపు పెద్దసారు ఈవిణ్నే అడుగుతారు. మొగుడి పేరు సెప్పనేని మనిసికి ఉజ్జోగం ఎలాగిత్తారు?"

బయటికి రాగానే వదిన అందుకుంది. "మొగుడి పేరు వద్దు గానీ మొగుడి కుర్సీ కావాల నీకు!"

"కుర్సీ కాదు వదినా, స్టూలు."

ఏడుస్తూనే నవ్వింది. "సరే, పలకనేపోతే రాసి సూపించు. రాయడానికి సిగ్గేటి?"

అంగన్‌వాడీలో పిల్లలు ఇళ్లకు వెళ్లాక వదిన పలక ఇచ్చేది. నా పేరు తొందరగానే వచ్చింది. ఆయన పేరులో ఒక ఒత్తు ఉంది, అది లొంగలేదు. ఎన్ని పలకలు తుడిచానో. దిద్దుతున్నంతసేపూ ఆయన పక్కన కూర్చున్నట్టే ఉండేది. ఆ ఒత్తు కుదిరిన రోజు నాకు సంతోషం కాలేదు, రేపటి నుంచి దిద్దే పని లేదు కదా అనిపించింది.

పెద్దసారు అడిగారు. నేను కలం తీసుకుని ఆ గడిలో రాశాను.

"చెప్పమంటే రాశావేమిటమ్మా?"

"నోటితో రాదు సార్," అన్నాను.

ఆయన ఒక నిమిషం నా వేళ్ల వైపు చూసి కాగితం పైకి పంపించారు. పంపేముందు గుమస్తా ఆ పేరుకు ముందు కీ.శే. అని చేర్చాడు. ఆ అక్షరాలు నాకు అప్పటికి రావు.

ఆ స్టూలు మీదే రిటైరయ్యాను. మిగతా అక్షరాలన్నీ అక్కడే నేర్చుకున్నాను. ఇప్పుడు ఆయన తాలూకు పెన్షన్ కోసం ఏడాదికోసారి ట్రెజరీకి వెళ్లి, బతికే ఉన్నాను, మళ్లీ పెళ్లి చేసుకోలేదు అని రాసివ్వాలి. ఈ వయసులో నన్నెవడు చేసుకుంటాడో రూలు పెట్టినవాళ్లకే తెలియాలి. ఆ కాగితంలోనూ ఆ గడి ఉంటుంది. తొందరపడకుండా నింపుతాను. మా పిల్లలు ఎప్పుడు తలుచుకున్నా "నాన్న" అంటారు. వదిన కూడా పోయింది. ఆ పేరు అనేవాళ్లు ఇంట్లో లేరు.

ఈ ఏడు కిటికీ దగ్గర కొత్త పిల్ల కూర్చుంది, ముందు కంప్యూటరు.

"కాయితం తరవాత సూత్తాను మామ్మా. మీ ఆయన పేరు సెప్పు."

"రాత్తాను తల్లీ."

"రాయక్కర్నేదు. ఎనక లైనుంది. సెప్పు."

చెప్పాను.

"ఫేను సప్పుడుకి వినపళ్లేదు. గట్టిగా సెప్పు."

గట్టిగా చెప్పాను, అంతమందిలో. వరసలో ఎవరూ తలెత్తి చూడలేదు. ఆ పిల్ల టకటకా కొట్టుకుంది.

"అయిపోయింది మామ్మా, ఎల్లు."

ఇంకోసారి అడుగుతుందేమోనని కిటికీ చువ్వ పట్టుకుని కాసేపు అక్కడే నిలబడ్డాను.