నీళ్లు పోసి చూడని బండ

సెప్టెంబర్ మొదటి వారంలో, పొద్దున పదకొండుకు లద్దాఖ్‌లోని ఒక ఆర్మీ పోస్టుకు చేరాం. పదిహేడు వేల అడుగులు. నీడలో సీసాలో నీళ్లు గడ్డకట్టేవి, ఎండలో ముఖం మాడేది. ఆర్డర్ ఒక్కటే: పదిహేను రోజుల్లో, మంచు పడకముందే, ఆరుగురికి బంకర్.

చోటు చూసే పని హవల్దార్ నాకు అప్పగించాడు. మాది అమ్రాబాద్, బండలు కొట్టే ఇల్లు. సుత్తి మోత విని రాయి సంగతి చెప్పేవాణ్ణి. ఆ పొగరూ ఉండేది. ఆ కొండా మా రాయిలాగే పొరలు పొరలు. కొట్టాను, ఖంగుమంది. "ఇక్కడే" అన్నాను.

మా నాన్న ఏ బండ మీదైనా ముందు చెంబెడు నీళ్లు పోస్తాడు. ఎటు పారితే పొర అటు వాలినట్టు. మా దగ్గర పొరలు చదునుగా ఉంటాయి, నీళ్లు కదలవు. నాకదంతా చాదస్తం అనిపించేది. అక్కడా పోయలేదు.

తొమ్మిదో రోజు, మధ్యాహ్నం ఒంటిగంట. పగుళ్లలో రాత్రి గడ్డకట్టిన నీళ్లు కరిగాయి. కింద మేం తవ్వేసిన చోటికి పై పొర జారి వచ్చింది. వైర్‌లెస్ ఆపరేటర్ కుడికాలు నలిగింది. ధరూర్ వాడు, నాకు తమ్ముడిలాంటివాడు. సెట్ వాడటం వాడొక్కడికే తెలుసు.

"అన్నా, బటన్ ఒత్తి మాట్లాడు. ఇడిశి ఇను," అన్నాడు పళ్లు బిగబట్టి.

"ఒకరికి దెబ్బ. కాలు. స్ట్రెచర్ పంపండి. ఓవర్," అన్నాను బటన్ ఒత్తి.

స్ట్రెచర్ మీద పడుకున్నాక నా చెయ్యి పట్టుకున్నాడు. "రాయి మంచిదేనన్నా. అది పండుకున్న తీరు నువ్వు జూడలే."

తిట్టినా బాగుండేది. తప్పు నాదేనని హవల్దార్‌కు చెప్పాను. "ఆరు రోజులున్నాయి. ఏం చేస్తావ్?" అన్నాడు. కొండ అవతలి వైపుకు పోయి, అన్నం తినే మెస్ టిన్‌తో నీళ్లు పోశాను. కొండలోపలికి పారాయి, అంటే పొర మా మీదికి జారదు. అక్కడ తవ్వాం. అరచేతులు చిట్లినా ఎవరూ ఆగలేదు. పదిహేనో రోజు నాలుగింటికి పైకప్పు వేశాం, ఐదున్నరకు మంచు మొదలైంది. ఆ చలికాలం, వాడి బదులు వచ్చినవాడితో కలిపి ఆరుగురం దాంట్లోనే బతికాం.

జారిన బండ మీద వరసగా గీతలున్నాయి. ఒకప్పుడు అది సముద్రం అడుగనీ, ఇసుక మీద అలలు గీసిన గీతలు కోట్ల ఏళ్లకు రాయయ్యాయనీ మా కెప్టెన్ చెప్పాడు. మా ఇంటి ముందు బండ మీదా అవే గీతలు. పుట్టినప్పటి నుంచి దాని మీదే కూర్చున్నా నాకు తెలియదు.

నేను సర్వీసు ముగించి ఇంటికొచ్చాక వాడు ధరూర్ నుంచి కుంటుకుంటూ వచ్చాడు. నేను ముఖం చూడలేకపోయాను. తాగగా మిగిలిన నీళ్లు మా బండ మీద పోశాడు. అవి గీతల్లో నిలిచాయి.

"గిది యాడికీ పోదన్నా. కూసో."

కూర్చున్నాను. ఇప్పటికీ వానపడి ఆ గీతలు నిండితే, నాకు ముందు కనిపించేది నీళ్లు కాదు. పదిహేడు వేల అడుగుల మీద, ఎండిపోయిన సముద్రపు అలల్లో నిలిచిన వాడి రక్తం.